కండక్ట్రమ్మ సంజాయిషీ

పిల్లల్ని ఇళ్ళ దగ్గర్నుంచి బడికి నడిపించుకుపోయే ఆడమనిషికి ఇంగ్లీషులో కండక్ట్రెస్ అని పేరు. అనకాపల్లిలో ఆ పేరు ఎవరికీ నోరు తిరక్క కండక్ట్రమ్మ అయింది. ఘోషా ఇళ్ళ ఆడపిల్లలు తోడు లేకుండా వీధిలోకి రాకూడదు. వీధిలోకి రాకపోతే చదువు లేదు. అందుకని సాహెబులు పెట్టుకున్న ఆడపిల్లల బడికి ఒక కండక్ట్రమ్మ కావలసి వచ్చింది. ఆ పని నాగూర్ మీరా కూతురు కరీమున్నీసాకి దొరికింది. రెండేళ్ళు ప్రొబేషను, ఆ పైన ఖాయం అన్నారు. ప్రొబేషనంటే ఏమిటని నాగూర్ మీరా అడిగితే, బడి మేనేజరు జియావుద్దీన్ సాహెబు నవ్వి, "కొత్తకోడలు లాంటిదనుకో మీరా. గడప దాటి లోపలికొచ్చింది గానీ తాళాలింకా చేతికి రాలేదు" అన్నాడు.

నాగూర్ మీరా గిన్నెలకి కళాయి పూసేవాడు. యుద్ధం వచ్చి, తగరం దొరికే దేశాలు జపానువాడి చేతిలో పడ్డాక, తగరం బంగారమై కూర్చుంది. జనం ఇత్తడి గిన్నెలు అటకెక్కించి మట్టికుండల్లో పులుసు కాచుకుంటున్నారు. కొలిమి వెలిగించని రోజులే ఎక్కువయ్యాయి. ఇక అల్లుడు ఆదం బర్మాలో, రంగం పట్నంలో కర్రమిల్లులో పనిచేసేవాడు. అక్కడ బాంబులు పడ్డాక అందరితోపాటు అడవుల్లోంచి, కొండల మీంచి కాలినడకన బయల్దేరాడు. వెంట నడిచినవాళ్ళు ఊరు చేరారు, అతను చేరలేదు. అలా ఆ ఇల్లు మొత్తం కరీమున్నీసా నడక మీద ఆధారపడింది.

ఆమె పని చేసే తీరు చూడముచ్చటగా ఉండేది. ఒక పొడుగాటి జనపతాడుకి మూరెడు మూరెడు ఎడంలో ముళ్ళు వేసుకుంది. తాడు మొదలు తన చేతిలో, ఒక్కో ముడి ఒక్కో పిల్ల చేతిలో. ఇంటింటి ముందు ఆగి చిన్నగా దగ్గేది. పరదా కదిలేది, ఒక పిల్ల అక్కని పిలిచినట్టు 'ఆపా' అంటూ వచ్చి ముడి పట్టుకునేది. ముడి వదిలితే బడి లేదని కట్టడి. ఆ సందులో తాడు వెళ్తుంటే ఎంత మోటు మనిషైనా పక్కకి తప్పుకుని తల వంచుకునేవాడు.

తాడు చివర ముడి మెహబూబ్ జాన్‌ది. అందరిలోకీ పెద్దది. రంజాను వెళ్ళాక దాన్ని ఇంట్లో కూర్చోబెట్టేస్తారని ఇంట్లో అనుకోవడం అది విన్నది. మిగతా పిల్లలు అక్షరాలు దిద్దుతుంటే అది పుస్తకం చివరిదాకా చదివేసింది, బడి ఉండగానే అయిపోవాలని తొందర.

గానుగలాడే రోజులు. పల్లెల్నుంచి బెల్లం బళ్ళు మార్కెట్టుకి వరసలు కట్టి వస్తున్నాయి. ఒక పొద్దున కశింకోట నుంచి వస్తున్న సత్తియ్య బండి ఇరుసు విరిగి, సరిగ్గా పిల్లలు నడిచే సందు మొగలో అడ్డంగా పడింది. బెల్లం దిమ్మలు దొర్లాయి, ఒక ఎద్దు పలుపు తెంచుకుంది, బళ్ళవాళ్ళంతా అక్కడే పోగయ్యారు. కరీమున్నీసా తాడు వెనక్కి తిప్పింది. ఉన్నది ఇంకొక్కటే దారి, శారద ఏటి గట్టు. ఆ గట్టు మీంచే తీసుకెళ్ళింది. బడికి ఆలస్యమైంది. పిల్లల కాళ్ళు తడిగా ఉన్నాయి. తాడు కొస కూడా తడిసి, వసారాలో నీటి చార కనిపించింది.

వాళ్ళు బడికి చేరేలోపలే కబురు చేరిపోయింది. ఘోషా పిల్లలు ఏట్లో దిగి ఆడుతున్నారని, పైన చాదర్లు కూడా లేవని, కండక్ట్రమ్మ గట్టు మీద నిలబడి నవ్వుతోందని చెప్పుకున్నారు. చాదర్లు ఉన్నాయి. కానీ లోకుల నోటికి మూకుడు పెట్టగలమా. సాయంకాలానికి నలుగురు తండ్రులు జియావుద్దీన్ సాహెబు బట్టల కొట్టు మెట్లెక్కి, పిల్లల్ని మాన్పిస్తామన్నారు. సాహెబు భయపడ్డాడు. ఎంతో కష్టపడి నిలబెట్టిన బడి. మర్నాడే ఎవరిచేతో ఇంగ్లీషులో ఉత్తర్వు రాయించి, సంతకం పెట్టి పంపించాడు. ఆయన చెడ్డవాడు కాదు. చెడ్డవాడైతే ఈ కథ ఇంకోలా ఉండేదేమో, ఎంతో కొంత బాగానే ఉండేదేమో.

నాగూర్ మీరా ఆ కాగితం పట్టుకుని పక్కవీధిలో త్రినాధరావు దగ్గరికి వెళ్ళాడు. త్రినాధరావు ఒక ప్లీడరు దగ్గర గుమస్తా. అతను అర్జీ రాస్తే ఏ అధికారీ కాదనలేడని పేరు. అరుగు మీద కూర్చుని చదివాడు.

"మిస్ కాండక్ట్ అని రాసేరు మామా."

నాగూర్ మీరా మొహం తేటపడింది. "అది మా అమ్మాయి పేరే గదా బాబూ. పాఠం సెప్పినావిడ్ని మిస్సమ్మ అంటారు. ఇది మిస్సు కండక్టు. పేరు రాసి, ఏటన్నారు మరి?"

త్రినాధరావు నవ్వబోయి మానేశాడు. నవ్వితే పాపం తగిలేలా ఉంది ముసలాయన మొహం. "పేరు కాదు మామా. తెలుగులో దుర్నడత అంటారు. నడత బాగోలేదని ఉద్యోగంలోంచి తీసేసేరు."

నాగూర్ మీరాకి ఆ తరవాత మాటలు సరిగ్గా వినపడలేదు. మగవాడి నడత బాగోలేదంటే తాగాడనో, తగువాడాడనో, అబద్ధమాడాడనో పది అర్థాలుంటాయి. ఆడదాని నడత బాగోలేదంటే మన ఊళ్ళలో ఒకటే అర్థం. మొగుడు పోయి, పొద్దున్నే ఇల్లు వదిలి వీధిన నడిచే ఆడదాని విషయంలో అయితే ఇక అడగనే అక్కర్లేదు.

"నువ్వనుకున్న నడత కాదు మామా, ఆఫీసు నడత," అని త్రినాధరావు నచ్చజెప్పాడు. "దారి మార్చింది, అడక్కుండా తీసుకెల్లింది, అదీ వాళ్ళ బాధ. ఇది నిలబడే ఉత్తర్వు కాదు. సంజాయిషీ అడిగేరా? అడగలేదు. పిలిచి విన్నారా? వినలేదు. నేను సోడవరం కోర్టుకి ఎల్లొత్తాను. వచ్చేక అప్పీలు రాత్తాను. నువ్వు నిబ్బరంగా ఉండు."

నాగూర్ మీరా తలాడించాడు. ఆయనకి తలకెక్కింది ఒక్క మాటే, అది కూడా తలకెక్కకూడని మాట.

ఇంటికి వచ్చేసరికి కరీమున్నీసా గుమ్మంలోనే నిలబడి ఉంది. "ఏటని రాసేరు బాబా?"

"తీసేసేరంట. అప్పీలుందంట. గుమస్తాబాబు సూసుకుంటాడు."

"ఎందుకు తీసేసేరంట?"

"ఏదో ఇంగిలీసు."

ఆమె "ఆ రోజు ఏటి జరిగిందంటే బాబా," అని మొదలుపెట్టింది.

"తరవాత సెప్పుదువు గానిలే అమ్మా," అని ఆయన కొలిమి దగ్గరికి వెళ్ళి, నిప్పు లేని తిత్తి ఊదుతూ కూర్చున్నాడు. ఆయనకి వినాలంటే భయం. కన్నకూతురి మీద అనుమానం ఉండి కాదు. ఆ మాట పక్కన పెట్టి ఏం విన్నా అది ఆ మాటకి సాక్ష్యంలా వినపడుతుందేమోనని భయం. తండ్రుల పిరికితనం ఇలాగే ఉంటుంది, పైకి ప్రేమలా కనపడుతుంది.

త్రినాధరావు తిరిగొచ్చేదాకా ఆయన ఆగలేకపోయాడు. జుమ్మా నమాజు అయ్యాక మసీదు మెట్ల దగ్గర జియావుద్దీన్ సాహెబుని పట్టుకున్నాడు.

"సాహెబు గారూ, ఉద్యోగం సంగతి కాదు. ఆ మాట తీసెయ్యండి. తల్లి లేని పిల్ల. మొగుడు దారిలో పోయేడు. నడత బాగోలేదని కాయితమ్మీద ఉంటే రేపు దానికి ఊళ్ళో నిలవ నీడుండదు. మీకూ ఆడపిల్లలున్నారు."

జియావుద్దీన్ సాహెబు నిర్ఘాంతపోయాడు. కాగితం రాసినవాడు ఆఫీసుల్లో వాడే మాట ఏదో రాశాడు, తను సంతకం పెట్టాడు. అది తెలుగులోకి దిగి ఇంత పని చేస్తుందని ఆయన అనుకోలేదు. ఆయన కళ్ళు చెమ్మగిల్లాయి. నాగూర్ మీరా చెయ్యి పట్టుకుని కొట్టుకి తీసుకెళ్ళాడు, టీ తెప్పించాడు. పాత ఉత్తర్వు అడిగి తీసుకుని ఆయన ఎదుటే ముక్కలు ముక్కలుగా చించేశాడు. కొత్త ఉత్తర్వు రాయించాడు. ప్రొబేషనులో ఉన్న ఫలానా మనిషి సేవలు ఇక బడికి అవసరం లేదు, అంతే. నేరం లేదు, నింద లేదు. నాగూర్ మీరా ఆయన రెండు చేతులూ కళ్ళకద్దుకున్నాడు. ఇద్దరు మంచివాళ్ళు కలిసి ఒక మనిషి గొంతు కోసెయ్యడం ఇంత మర్యాదగా జరుగుతుందని ఎవరికీ తెలీదు, వాళ్ళకి అసలే తెలీదు.

త్రినాధరావు చోడవరం నుంచి వచ్చిన పొద్దున నాగూర్ మీరా ఎదురెళ్ళి మరీ కాగితం చేతిలో పెట్టాడు. "ఆ మాట తీయించేసేను బాబూ. ఇక అప్పీలు మరింత సులువు గదా."

త్రినాధరావు చదివి, అరుగు మీద కూలబడ్డాడు.

"ఎంత పని సేసేవు మామా. కూకున్న కొమ్మనే నరుక్కొచ్చేవు."

"తప్పు మాట ఉంది, తీయించేను. అందులో తప్పేటి?"

"ఆ తప్పు మాట ఉండబట్టే మనకి హక్కుంది." ఆయనకి అర్థమయ్యేలా చెప్పాలని త్రినాధరావు మెల్లగా మొదలుపెట్టాడు. "ప్రొబేషనులో ఉన్నోళ్ళని ఊరికే వద్దంటే వద్దనొచ్చు. కారణం సెప్పక్కర్లేదు, దానిమీద అప్పీలు లేదు. కానీ తప్పు సేసిందని పేరు పెట్టి తీసేత్తే మాత్రం, ఆ తప్పేటో సెప్పాలి, సంజాయిషీ అడగాలి, పైవాళ్ళ దగ్గరికెల్లే దారివ్వాలి. ఆ మాట తలుపు మామా. ముల్లుందని నువ్వు తలుపే పీకించేసేవు. ఇప్పుడక్కడ గోడ ఉంది."

"సించిన కాయితం ముక్కలు ఏరి తెస్తే?"

"టీ తాగి మరీ సింపించేవు గదా," అన్నాడు త్రినాధరావు. అన్నాక ఆ మాటకి తనే బాధపడ్డాడు. అయినా అర్జీ రాస్తానన్నాడు. హక్కు లేకపోయినా దయ ఉండొచ్చు, పై అధికారి త్వరలో బడుల తనిఖీకి వస్తున్నాడు, చూద్దామన్నాడు.

కరీమున్నీసాకి అంతా అప్పుడు తెలిసింది. ఏ మాట రాశారో, ఆ మాట ఎలా పోయిందో, దానితోపాటు ఏం పోయిందో. ఆమె ఏడవలేదు, తండ్రిని ఒక్క మాట అనలేదు. త్రినాధరావు భార్యని అడిగి, సంజాయిషీ అంటే ఏమిటో తెలుసుకుంది. జరిగింది జరిగినట్టు మన నోటితో మనం చెప్పుకోవడం అని ఆవిడ చెప్పింది. ఆ మాట కరీమున్నీసాకి బాగా నచ్చింది. అన్నం వండుతూ, నీళ్ళు తోడుతూ తనలో తను ఏదో అనుకుంటుంటే, చెప్పవలసింది కూడబలుక్కుంటోందని నాగూర్ మీరాకి తెలుస్తూనే ఉంది. పెదవుల కదలిక చూసి ఆయన పక్కకి తిరిగేవాడు.

ఈలోగా కబురు కశింకోట దాకా పోయింది. ఒకరోజు సత్తియ్య తనంత తానే వచ్చి కొలిమి ముందు కూర్చున్నాడు.

"నా బండి అడ్డం పడబట్టే గదా బావా ఇదంతా. ఎద్దు పలుపు తెంపుకుంది. ఆ పిల్లల్ని అటు తేకుండా ఎనక్కి తిప్పింది, మంచి పని సేసింది. తెచ్చుంటే ఎవత్తికో కొమ్ము తగిలును. ఎక్కడికి రమ్మంటే అక్కడికొచ్చి సెప్తాను. గానుగాపి వత్తాను."

నాగూర్ మీరాకి ప్రాణం లేచొచ్చింది. "అదీ మాట. ఇంకేటి కావాల?" అన్నాడు. కూతురు పరదా వెనక నిలబడి, "అది సగమే బాబా," అంది. ఆయన సత్తియ్యకి మంచినీళ్ళు తేవడానికన్నట్టు లేచిపోయాడు.

అధికారి బంగళాలో దిగాడు. త్రినాధరావు ముందు లోపలికి వెళ్ళి అర్జీ ఇచ్చాడు. సత్తియ్య తలపాగా తీసి చేత్తో పట్టుకుని వేపచెట్టు కింద నిలబడ్డాడు. నాగూర్ మీరా, బురఖాలో కరీమున్నీసా వరండా మెట్ల దగ్గర. చాలాసేపటికి పిలిచారు. అధికారి పెద్దమనిషే, గౌరవంగా మాట్లాడాడు. అర్జీ చూసి, వెనక జతచేసిన ఉత్తర్వు చూసి, కళ్ళజోడు తీశాడు.

"నీ మీద ఏ నేరమూ మోపలేదమ్మా. నిన్ను శిక్షించలేదు. అవసరం లేదన్నారు, అంతే. శిక్ష లేనిదే అప్పీలు ఎలా ఉంటుంది?"

"నా మాట ఒక్కపాలి ఇనండి బాబూ," అంది కరీమున్నీసా.

"దేని గురించి వినాలి? నీ తప్పు ఉందని ఎవరన్నారు?"

"ఊరంతా అంటంది బాబూ. కాయితం ఒక్కటే అనడం లేదు."

ఆయన త్రినాధరావు వైపు చూశాడు. త్రినాధరావు నేల చూశాడు. కరీమున్నీసా రెండడుగులు ముందుకి వచ్చింది.

"అయితే ఆ మాట మళ్ళీ పెట్టించండి. నా నడత బాగోలేదనే రాయించండి. అప్పుడింటారు గదా."

వరండాలో బంట్రోతు కూడా కదలకుండా నిలబడిపోయాడు. అధికారి ఏదో అనబోయి, అది తన చేతిలో లేదని, మేనేజరు ఇష్టమని అన్నాడు. కుర్చీలోంచి లేచి నిలబడ్డాడు. లేచి నిలబడటం మర్యాదకా, ఇక వెళ్ళమనడానికా అన్నది తెలియలేదు. బయట సత్తియ్య, "నన్ను పిలవలేదేటి?" అని అడిగాడు. అతను తలపాగా చుట్టుకుని కశింకోట దారి పట్టాడు.

నాగూర్ మీరా ఇంటికి వెళ్ళలేదు. అటునుంచి అటే బట్టల కొట్టుకి వెళ్ళాడు. గుడ్డ కొలుస్తున్న జియావుద్దీన్ సాహెబు ముందు చేతులు కట్టుకుని నిలబడ్డాడు.

"సాహెబు గారూ, మా అమ్మాయి నడత బాగోలేదని మళ్ళీ రాయండి."

సాహెబు చేతిలో గజంబద్ద ఆగిపోయింది. పాపం ముసలాయనకి మతి చలించిందనుకున్నాడు. లోపలికి తీసుకెళ్ళి కూర్చోబెట్టాడు. సంగతి విన్నాడు. విని తల అడ్డంగా ఊపాడు.

"ఒక్కసారి తెలియక చేశాను మీరా. ఇప్పుడు తెలిసి కూడా ఒక ఆడపిల్ల మీద ఆ మాట రాయమంటావా. నా చెయ్యి ఆడదు. అల్లా క్షమించడు." ఆయన మనస్ఫూర్తిగానే అన్నాడు. మళ్ళీ టీ తెప్పించాడు. ఈసారి నాగూర్ మీరా తాగలేదు.

కొత్త కండక్ట్రమ్మ దొరకలేదు. దొరికేదాకా పిల్లలు ఇళ్ళలోనే ఉండాలన్నారు. పొద్దుటిపూట ఆ సందులో దగ్గు వినపడటం లేదు. నాగూర్ మీరా కొట్టు నుంచి నడిచి వస్తుంటే ఒక ఇంటి పరదా కొంచెం తొలిగింది. మెహబూబ్ జాన్. "ఆపా ఎప్పుడొస్తది తాతా?" అని అడిగింది. లోపల్నుంచి ఎవరో కసిరారు, పరదా మూసుకుంది.

ఇంటికొచ్చేసరికి కరీమున్నీసా అన్నం వార్చి కూర్చుని ఉంది. జనపతాడు మేకుకి వేలాడుతోంది. ఆమె పెదవులు ఇప్పుడు కదలడం లేదు. కూడబలుక్కోవలసిన అవసరం తీరిపోయింది కదా. అది చూశాక గానీ ఆయనకి తట్టలేదు. ఇన్నాళ్ళూ మేనేజరు వినలేదని, అధికారి వినలేదని ఎంత ఆడిపోసుకున్నాడు. తను విన్నాడా?

ఆయన ఆమె ఎదురుగా కింద కూర్చున్నాడు.

"నీ సంజాయిషీ నాకు సెప్పమ్మా," అన్నాడు. "ఆ రోజు ఏటి జరిగింది?"

కరీమున్నీసా ఆయన మొహంలోకి చూసింది. "మీరు అడగలేదు బాబా ఇన్నాళ్ళూ."

"అడగలేదు. ఇప్పుడడుగుతున్నాను."

ఆమె చెప్పింది. బండి సంగతి, ఎద్దు సంగతి ఆయనకి తెలిసినవే. ఆ తరవాతది సత్తియ్యకి కూడా తెలియదు.

"గట్టెక్కేం బాబా. తాడు ఆగిపోయింది. ఎనక్కి సూత్తే మెహబూబ్ జాన్ నిలబడిపోయింది. పుస్తకంలో నది పాఠం సదివింది గానీ అది ఏరు సూడలేదంట. ఆ పిల్ల పుట్టింది ఏటి పక్కన. సూడలేదంట. ఆపా, ఈ నీళ్ళెక్కడికి పోతాయి అంది. సముద్రానికన్నాను. నడిచేనా అంది. అవునన్నాను. ఎవరూ ఆపరా అంది."

ఆమె మేకుకున్న తాడు వైపు చూసింది.

"దారి మార్చడం నా తప్పు కాదు బాబా. దిగమన్నది నా తప్పే. కాళ్ళు తడిసేవరకే, ముడి వదలొద్దన్నాను. ఎవరూ వదల్లేదు. అదే సెబుదామనుకున్నాను. తప్పు కొంచెం ఉంది, కొంచెం లేదు అని. ఎవరూ ఇనకపోతే అంతా నాదే అయిపోద్ది గదా."

నాగూర్ మీరా ఆమెకి ఇంకాస్త దగ్గరికి జరిగాడు.

"నేను కూడా దిగేను," అంది ఆమె నెమ్మదిగా. "మీ అల్లుడు ఎన్ని ఏర్లు దాటి నడిచేడో అనుకున్నాను. నవ్వుతున్నానని సెప్పేరంట. నేను నవ్వలేదు బాబా."

నాగూర్ మీరా చెయ్యి చాచి, ముళ్ళ తాడు మేకు మీంచి తీసి ఒళ్ళో పెట్టుకున్నాడు. తాడు ఎప్పుడో ఆరిపోయింది. ఆయన చివరి ముడి పట్టుకుని, మిగతాది కూడా చెప్పమన్నాడు.